ఊరికో స్కంక్ ఉండాలి

ప్రతి ఊళ్ళోనూ కనీసం ఒక స్కంక్ ఉండి తీరాలి. బడి లేకపోయినా ఫరవాలేదు. పోస్టాఫీసు లేకపోయినా నెట్టుకురావచ్చు. స్కంక్ లేని ఊరు మాత్రం ఊరే కాదని ఘంటాపథంగా చెబుతున్నాను!

నవ్వకండి. నేనేదో సరదాకి ఈ మాట అనడం లేదు. ఉద్యోగం చేసినన్నాళ్ళూ ఈ ఓహాయో పల్లెల్లో బడిపిల్లలకు బ్యాండు నేర్పిన మనిషిని. ఆ పుణ్యమా అని చెవులు ఎప్పుడో పోయాయి. ముక్కు మాత్రం కొత్తదానిలా పనిచేస్తోంది. వాసనల గురించి మాట్లాడే అర్హత నాకు కాకపోతే ఇంకెవరికుంది?

స్కంక్ అంటే ఏమిటో తెలియని దురదృష్టవంతుల కోసం రెండు ముక్కలు. పిల్లి అంత ఉంటుంది. ఒళ్ళంతా నలుపు, వీపు మీద తెల్లటి చారలు, ఒంటికి మించిన తోక. దానికి కోపమొస్తే ముందుకాళ్ళతో నేలను టపటపా కొడుతుంది. అది హెచ్చరిక. అప్పటికీ మీకు బుద్ధి రాకపోతే వెనక్కి తిరిగి తోక లేపుతుంది. ఆ తరవాత మీరు వారం రోజులు చర్చికి వెళ్ళరు, మీ భార్య మీకు గరాజులో పక్క వేస్తుంది.

మా ఇంట్లో ఉన్న స్కంక్ పేరు బ్యూలా. మా ఆవిడ వెర్నా తన మేనత్త పేరు పెట్టుకుంది. ఆ మేనత్త కూడా బాగా లావుగా ఉండేదట, భోజనం బల్ల దగ్గర ఎవరి మాటా వినేది కాదట. పేరు మహిమ ఊరికే పోతుందా? మా బ్యూలా ఫ్రిజ్ తలుపు తీయడం నేర్చుకుంది. చిన్నపిల్లలున్న ఇళ్ళల్లో బిగిస్తారే, ఆ గొళ్ళెం తెచ్చి బిగించాం. గొళ్ళెం తీయడం నాకు ఇంకా రాలేదు, బ్యూలాకు వచ్చేసింది.

దొంగతనం ఇంకొకటి కూడా ఉంది. స్నానాల గదిలో తువ్వాళ్ళు ఉండవు. బ్యూలా అన్నిటినీ వెర్నా మంచం కిందికి లాక్కుపోయి గూడు కట్టుకుంటుంది. చలికాలమంతా ఆ గూట్లో పడుకుని, గుడ్డు ఉడికిన వాసనకు మాత్రం లేస్తుంది. మాకు పిల్లల్లేరు. వెర్నా తుంటి విరిగి స్కూలు బస్సు నడపడం మానేసిన తరవాత ఆమెకు పొద్దు గడిచేది బ్యూలాతోనే. అంచేత ఈ రచనలో నాకు స్వార్థమేమీ లేదని మనవి. ఉన్నదంతా వెర్నాకే.

ఇక లాభాల సంగతి చూద్దాం.

మా మరదలు లొరేటా ప్రతి వేసవిలోనూ మూడు పెట్టెలతో దిగేది. పెట్టెలు చూస్తేనే నాకు జ్వరం వచ్చేది. వంటింట్లో డబ్బాలన్నీ మార్చి సర్దేది, నా పాత చొక్కాలన్నీ చర్చి వాళ్ళకు దానం చేసేది. బ్యూలా వచ్చిన ఏడాది కూడా వచ్చింది. కారు దిగింది. గాలి పీల్చింది. 'అక్కా, పొయ్యి మీద ఏదో పెట్టి మర్చిపోయి వచ్చానే' అంటూ మళ్ళీ కారెక్కింది. ఆమె ఇల్లు పొరుగు రాష్ట్రంలో ఉంది! ఇలాంటి మేలు ఏ కుక్క చేయగలదు? ఏ పిల్లి చేయగలదు?

వాక్యూమ్ క్లీనర్లు అమ్మేవాళ్ళు రారు. ఇంటి కప్పు బాగుచేస్తామనేవాళ్ళు రారు. స్వర్గానికి దారి చూపిస్తామంటూ జంటలు జంటలుగా తిరిగే కుర్రాళ్ళు మా వీధి మొదట్లోనే ఆగి, మాకు స్వర్గం అవసరం లేదని తేల్చుకుని వెళ్ళిపోతున్నారు. ఎన్నికలప్పుడు అభ్యర్థి కారు అద్దం అంగుళం మేర దించి, 'మీ ఓటు నాకే' అని, మళ్ళీ ఎత్తేసుకున్నాడు. ఊపిరి బిగబట్టి మాట్లాడే మనిషి ఎన్ని అబద్ధాలని ఆడగలడు? ప్రజాస్వామ్యానికి స్కంక్ చేసే సేవను ఇంతవరకూ ఎవరూ గుర్తించకపోవడం విచారకరం.

ఆరోగ్యం మాట చెప్పనే అక్కర్లేదు. ఆ వాసన గాలి ఊరివైపు తిరిగిన రోజున ఊళ్ళో ఎవరికీ ఆకలి వేయదు. చర్చి విందులో ఒకప్పుడు బంగాళదుంప ముద్ద మీద నూడుల్స్ పోసుకుని, దాని మీద మళ్ళీ గ్రేవీ పోసుకునేవాళ్ళు. ఇప్పుడు పళ్ళెంలో ఒక ఊరవేసిన దోసకాయ ముక్క పెట్టుకుని దాన్నే చూస్తూ కూర్చుంటున్నారు. మా డాక్టరు గారు ఎన్నేళ్ళు మొత్తుకున్నా రాని క్రమశిక్షణ ఒక్క జంతువు వల్ల వచ్చింది!

ఇక్కడ మా ఊరి మర్యాద గురించి చెప్పాలి. మా వాళ్ళకు మొహమాటం జాస్తి. 'బాగాలేదు' అనే మాట వాళ్ళ నోటికి రాదు. కేకు మాడి బొగ్గయినా, పెళ్ళికూతురు ఆకుపచ్చ గౌను వేసుకొచ్చినా, పాస్టరు గారు తన ప్రసంగం మధ్యలో తనే కునికిపాట్లు పడినా, 'అదో రకంగా ఉందండీ' అంటారు. అంతకన్నా పెద్ద తిట్టు మా దగ్గర లేదు. ఆ మాట పడ్డవాడు ఇంటికెళ్ళి దుప్పటి కప్పుకుని పడుకుంటాడు.

కాబట్టి ఆ వాసన మొదలైనప్పుడు మా ఇంటికొచ్చి ఎవరూ ఏమీ అనలేదు. 'మీ వైపు గాలి ఈ మధ్య అదో రకంగా ఉంటోందండీ' అని మాత్రం అన్నారు. మర్నాడు పొద్దున తలుపు తీస్తే గుమ్మం ముందు టమాటా రసం డబ్బాలు!

స్కంక్ కంపుకు టమాటా రసం విరుగుడని మా ప్రాంతంలో తాతముత్తాతల నాటి నమ్మకం. టమాటా రసంలో స్నానం చేయిస్తే కంపు పోతుందట. పోదు. ముక్కుకు ఒక కంపు విసుగెత్తి రెండోదాన్ని పట్టించుకుంటుంది, అంతే. నిజంగా పనిచేసేది హైడ్రోజన్ పెరాక్సైడు, వంటసోడా, గిన్నెలు తోమే సబ్బు. మూడూ అప్పటికప్పుడు కలిపి పట్టించాలి. కలిపి సీసాలో పోసి మూత పెట్టారో, సీసా పేలుతుంది. ఈ మాట నేను ఊరంతా చెప్పాను. అందరూ శ్రద్ధగా విన్నారు. 'అవునా, అదో రకంగా ఉందే!' అన్నారు. మర్నాడు మళ్ళీ టమాటా రసమే.

ఎవరు పెడుతున్నారో కనిపించరు. కనిపిస్తే మొహమాటం కదా! గాలి తిరిగిన ప్రతిసారీ డబ్బాలు మాత్రం వస్తాయి. వెర్నా వాటితో సూప్ చేసింది, మాంసమూ చిక్కుడు గింజలూ వేసి చిల్లీ చేసింది, క్యాబేజీ చుట్టలు చేసింది.

"ఎల్డన్! మళ్ళీ పెట్టి పోయారు" అంది ఒక రోజు, చేతుల నిండా డబ్బాలతో లోపలికి వస్తూ. "ఈసారి పెద్దవి. నువ్వెళ్ళి చెప్పు వాళ్ళకి."

"ఏమని చెప్పను?"

"ఏమని చెప్పాలో నీకు తెలీదూ?"

"తెలుసు. అందుకే చెప్పట్లేదు. సూప్ పెట్టు, ఆకలేస్తోంది."

"నీకు ఆకలెప్పుడు వెయ్యదు గనక! మనిషన్నాక నోరు విప్పాలయ్యా. బ్యాండు మాస్టారివి, ఊపిరికి తక్కువా?"

నేను నోరు విప్పలేదు. నేను కూడా ఈ ఊరివాణ్ణే కదా. పైగా విక్రేతలు రావడం లేదు, లొరేటా రావడం లేదు, టమాటాలు ఉచితం. ఇంత సుఖంగా ఉన్నవాడు నోరెందుకు విప్పుతాడు?

అసలు స్కంక్ వల్ల పెద్ద లాభం ఇంకొకటుంది. స్కంక్ ఉన్న చోట ఇంకెవరూ దోషి కారు. చర్చిలో చిక్కుడు గింజల విందయ్యాక ఎవరో ఒకరు తప్పు చేస్తారు. అందరూ కిటికీలోంచి మా ఇంటివైపు చూసి నిట్టూరుస్తారు. ఎవరింట్లోనో ఎలుక చచ్చింది, ఎవరిదో మురుగుగొట్టం పగిలింది, ఎవరో భర్త గారు మేజోళ్ళు ఉతకలేదు. అన్నిటికీ ఒకటే మాట: పాపం, ష్రోక్ మాస్టారి స్కంక్! ష్రోక్ మా ఇంటిపేరు లెండి. మొగుడూ పెళ్ళాల మధ్య తగువులు తగ్గాయని పాస్టరు గారే చెప్పారు.

ఇంత చల్లగా సాగుతున్న ఊళ్ళో పుల్ల పెట్టింది మా పక్కింటి కార్లీన్ యోస్ట్.

కార్లీన్ మంచి మనిషి. ఇల్లు అమ్మేసి ఫ్లోరిడాలో వాళ్ళ అమ్మ దగ్గరికి పోదామనుకుంటోంది. ఇంటి ముందు గడ్డిలో అమ్మకం బోర్డు పాతి చాలాకాలమైంది. బోర్డుకు పిచ్చుక గూడు కూడా కట్టేసింది. ఒక రోజు కంచె దగ్గరికొచ్చి నిలబడింది.

"ఎల్డన్ గారూ, మీరంటే నాకు చాలా గౌరవమండీ" అంది.

మా ఊళ్ళో ఎవరైనా ఈ మాటతో మొదలుపెట్టారంటే పీకల మీదికి వచ్చిందన్నమాటే.

"నిన్న కొలంబస్ నించి ఎవరో భార్యాభర్తలు ఇల్లు చూడ్డానికొచ్చారండీ. ఆయన కారు డోరు తీసి ఒక కాలు కింద పెట్టాడు. వెంటనే ఆ కాలు లోపలికి లాక్కున్నాడు. ఏమన్నారో తెలుసా?"

"అదో రకంగా ఉందన్నారా?"

"కాదండీ!" కార్లీన్ కళ్ళల్లో నీళ్ళు తిరిగాయి. "కంపు అన్నారండీ! నా మొహం మీదే! కంపు కొడుతోంది అన్నారు!"

సిటీ వాళ్ళు కదా, పెంపకం అలాంటిది. కాని జరగాల్సిన నష్టం జరిగిపోయింది. అన్నేళ్ళుగా ఎవరూ అనని మాట ఊళ్ళో పుట్టేసింది. మొదట కార్లీన్ అంది. తరవాత మంగలి షాపులో అన్నారు. ఆదివారం నాటికి పాస్టరు గారి భార్య కూడా అనేసింది, అని నోటికి చెయ్యి అడ్డం పెట్టుకుంది. మాట బయటికొచ్చాక దానికో దోషి కావాలి కదా! కార్లీన్ గ్రామ కౌన్సిలుకు ఫిర్యాదు ఇచ్చింది.

జనానికి ఇబ్బంది కలిగించే జంతువని కౌన్సిలు తేల్చిందంటే కౌంటీ వాళ్ళు వచ్చి పట్టుకుపోతారు. పట్టుకుపోయి ఏం చేస్తారు? అడవిలో వదలరు. ఫ్రిజ్‌లోంచి తినడం అలవాటైన జంతువు అడవిలో ఏం తింటుంది? బ్యూలాకు కప్పను చూస్తే భయం. ఇంకో ఇల్లు ఇవ్వరు. ఒక సూది వేస్తారు. అంతే.

కబురు తెలిసిన రోజు వెర్నా బ్యూలాకు స్నానం చేయించి, పెద్ద తువ్వాలులో చుట్టి, ఒళ్ళో పెట్టుకుని వంటింట్లో కూర్చుంది. దాని ముక్కు ఒక్కటే బయటికి కనిపిస్తోంది. నాకు ఏడుపొచ్చింది. మాస్టారు ఏడిస్తే బాగుండదని గరాజులోకి వెళ్ళి పాత ట్యూబా బాకాకు పాలిష్ పెట్టాను. అది ఎంత మెరిసిందంటే అందులో నా మొహం చూసుకోలేకపోయాను.

సోమవారం సాయంత్రం ఫైర్ స్టేషన్ హాల్లో కౌన్సిలు కూర్చుంది. జూలై ఎండలు, పైగా కిటికీలన్నీ బిగించి ఉన్నాయి. ఎందుకు బిగించారో ఎవరూ ఎవరినీ అడగలేదు. హాలు నిండిపోయింది. మా ఊళ్ళో అంతమంది పోగయింది బ్యాండు పోటీ ఓడిపోయిన ఏడాదే.

మేయరు డ్వేన్ పిఫర్ నా శిష్యుడే. ట్రాంబోన్ వాయించేవాడు. ఒక్క స్వరం కూడా సరిగ్గా పలికేది కాదు, చప్పుడు మాత్రం అందరికన్నా ఎక్కువ చేసేవాడు. అలాంటివాడు మేయరు కాక ఏమవుతాడు?

కార్లీన్ లేచి చెప్పాల్సింది చెప్పింది. పాపం, 'కంపు' అన్నప్పుడల్లా మాకు క్షమాపణ చెప్పింది. డ్వేన్ గొంతు సవరించుకున్నాడు.

"మాస్టారూ, మీరేమైనా చెప్తారా?"

నేను లేవబోయాను. నాకన్నా ముందు చేతికర్ర మీద వెర్నా లేచింది. వెంట తెచ్చిన పెట్టె తలుపు తీసింది. బ్యూలా నింపాదిగా బయటికొచ్చి, అంత జనాన్ని చూసి, ముందుకాళ్ళతో నేలను టపటపా కొట్టింది.

ఆహా, ఏం చూశాను! కౌన్సిలు సభ్యులు కుర్చీలెక్కారు. అగ్నిమాపక దళం వారు, నిప్పుల్లో దూకుతామని ప్రమాణం చేసినవారు, వంటింట్లో దూరి గడియ పెట్టుకున్నారు. డ్వేన్ జాతీయ పతాకాన్ని చుట్టుకుని గోడకు అతుక్కుపోయాడు. పాస్టరు గారు పైకి చూసి ఏదో అడుగుతున్నారు.

"కూర్చోండయ్యా, కూర్చోండి!" అని కేకేసింది వెర్నా. "తుపాకీ ఉంది గాని దీని దగ్గర తూటాల్లేవు. పసికూనగా ఉన్నప్పుడే డాక్టరు ఆ వాసన సంచులు తీసేశాడు. పెంచుకునే స్కంకులన్నిటికీ తీసేస్తారు. పుట్టిన దగ్గర్నించీ ఇది ఒక్క చుక్క వదిలి ఎరగదు. నమ్మకపోతే వచ్చి చూసుకోండి!"

ఎవరూ కదల్లేదు. చివరికి కార్లీనే వచ్చింది. ఆమెకు ధైర్యం ఎక్కువని కాదు, ఇల్లు అమ్ముడుపోవాలి కదా! వంగి, బ్యూలా వీపు దగ్గర ముక్కు పెట్టి గట్టిగా పీల్చింది. మళ్ళీ పీల్చింది.

"బేబీ షాంపూ వాసన" అంది మెల్లిగా. "ఇంకేం లేదండీ." అని, లేచి అందరివైపూ చూసి, చిన్నపిల్లలా అడిగేసింది. "మరి ఆ వాసన ఎక్కడిదండీ?"

అందరూ తమ తమ బూట్లను పరిశీలించుకోసాగారు.

ఎక్కడిదో తెలియని మనిషి ఆ హాల్లో లేడు. తూర్పు రోడ్డు మీద రేకుల కప్పులతో బారుగా కొట్టాలున్నాయి. ఒక్కొక్కటీ మా ప్రధాన వీధి అంత పొడుగు. వాటిల్లో వేలకు వేలు పందులు. వాటి వెనకాల పందుల మలమూత్రాలు నిలవుండే చెరువులు. బ్యూలా మా ఇంటికొచ్చిన ఏడాదే అవీ వచ్చాయి. కంపెనీ పేరు రాయను. రాస్తే వాళ్ళ లాయరు నాకు ఉత్తరం రాస్తాడు, అతనికి మొహమాటం లేదు.

మేం కూర్చున్న హాలు బయట నిగనిగలాడే ఫైరింజను ఆ కంపెనీ కొనిచ్చిందే. బడి బ్యాండుకు బంగారు గుండీల కోట్లు వాళ్ళు కుట్టించినవే. క్రిస్మస్‌కు ఇంటింటికీ ఎర్ర రిబ్బను కట్టిన హ్యామ్ వస్తుంది. తిలాపాపం తలా పిడికెడు అంటారు. మా ఊళ్ళో తలా ఒక పంది తొడ.

నేను లేచాను. చాలా మాటలు అనుకుని వెళ్ళాను. నోటికొచ్చింది మాత్రం ఒక్కటే.

"గాలి తూర్పు నించి వస్తోంది" అన్నాను.

"కాఫీకి కాసేపు ఆపుదాం!" అన్నాడు డ్వేన్.

మా ఊళ్ళో ఏ ముప్పు వచ్చినా కాఫీతోనూ, 'పై' అనే పళ్ళ రొట్టెతోనూ వాయిదా పడుతుంది. ఆ రోజు పుల్లటి రూబార్బ్ కాడలతో చేసిన పై. నేను ముక్క తీసుకుంటుంటే కార్లీన్ పక్కకొచ్చింది. మొహం పాలిపోయింది.

"ఎల్డన్ గారూ, నా ఫిర్యాదు వెనక్కి తీసేసుకుంటానండీ."

"సంతోషం కార్లీన్. నిజం తెలిసింది కదా."

"నిజం తెలిసిందనే తీసేసుకుంటున్నానండీ." చుట్టూ చూసి గొంతు తగ్గించింది. "స్కంక్ అయితే కొనేవాళ్ళకి ఏదో ఒకటి చెప్పుకోవచ్చు. పక్కింటి పెద్దాళ్ళు పెంచుకుంటున్నారు, ఎన్నాళ్ళు బతుకుతుందిలే అనొచ్చు. అది కాదు ఇది అని తెలిస్తే నా ఇల్లు ఈ జన్మలో ఎవరు కొంటారు? మీరే చెప్పండి. బ్యూలాని జాగ్రత్తగా చూసుకోండి. గుడ్లు కావాలంటే నేనిస్తా."

నాకు కోపం రాలేదు. ఆమె స్థానంలో నేనుంటే నేనూ గుడ్లిచ్చేవాణ్ణే.

ఆ తరవాత డ్వేన్ వచ్చాడు, చేతిలో పై ముక్క ఉన్న పళ్ళెంతో.

"మాస్టారూ, బ్యూలా ఉండొచ్చు. కౌన్సిలంతా ఒకటే మాట. జన్మంతా ఉండొచ్చు. ఎవరూ వేలెత్తి చూపించరు."

"చల్లని మాట చెప్పావు నాయనా."

"కాకపోతే వాసన బ్యూలాదే."

"నీకు బుర్రుందా డ్వేన్? ఇప్పుడే కదా వెర్నా చెప్పింది!"

"బుర్ర లేదనే కదా మాస్టారూ నాకు ట్రాంబోన్ ఇచ్చారు" అన్నాడు. నవ్వలేదు. "చూడండి. రేపు రాష్ట్రం వాళ్ళు తనిఖీకొస్తారు. టీవీ వాళ్ళొస్తారు. 'ఊళ్ళో పెంపుడు స్కంక్ ఉందండీ' అని ఒక్క మాట చెప్తే నవ్వుకుని వెళ్ళిపోతారు. బ్యూలా లేకపోతే నేనేం చెప్పను?"

"నిజం చెప్పు."

"మాస్టారూ," అన్నాడు చాలా బాధగా, "అదో రకంగా ఉంటుంది."

పళ్ళెంలో పై ముక్కను ఫోర్కుతో అటూ ఇటూ తిప్పాడు.

"మీరు మన వారపత్రికలో రాస్తారు కదా. ఈసారి బ్యూలా మీద రాయండి. సరదాగా. స్కంక్ వల్ల ఊరికెంత మేలో, అలాగన్నమాట. వాసన దానిదేనని మాత్రం స్పష్టంగా ఉండాలి. ఇంకేం అక్కర్లేదు."

"రాయకపోతే?"

డ్వేన్‌కు చిన్నప్పటి నుంచీ నన్ను బెదిరించడం చేతకాదు. వెర్నా ఒళ్ళో ఉన్న బ్యూలా పెట్టెవైపు ఒకసారి చూశాడు, వెంటనే చూపు దించుకున్నాడు. అయినా నాకు కౌంటీ వాళ్ళ సూది గుర్తొచ్చింది.

వెర్నా అంతా వింది. ఆమె చెవులు ఇంకా బాగానే పనిచేస్తాయి. "ఒప్పుకో ఎల్డన్" అంది. "ఏం రాయమంటే అది రాయి. ఊరంతా ముక్కు మూసుకుని ఊరుకుంటే దీని ప్రాణమా తీసేది? దీన్ని నేనెవరికీ ఇవ్వను."

ఒప్పుకున్నాను. సిగ్గేసింది. సంతోషం కూడా వేసింది. రెండూ ఒకేసారి వేస్తే మనిషి మొహం ఎలా ఉంటుందో తెలియదు గాని, డ్వేన్ మాత్రం నాకు ఇంకో పై ముక్క తెచ్చి పెట్టాడు.

కౌన్సిలు మళ్ళీ కూర్చుంది. ఫిర్యాదు కొట్టేశారు. బ్యూలా ఊరికి ఆభరణమని తీర్మానం చేశారు. అంతేకాదు, దానికి వయసు మీద పడుతోంది గనక ముందుచూపుతో ఇంకొక స్కంక్‌ను ఊరి ఖర్చు మీద తెప్పించాలని కూడా తీర్మానించారు. నా ఇన్నేళ్ళ అనుభవంలో మా కౌన్సిలు భవిష్యత్తు గురించి ఆలోచించడం ఇదే మొదలు!

కాబట్టి పాఠక మహాశయులారా, ఇచ్చిన మాట ప్రకారం స్పష్టంగా రాస్తున్నాను. మా ఊళ్ళో వచ్చే వాసన మా బ్యూలాదే.

బ్యూలా ఇల్లు ఊరికి పడమర చివర. వాసన మాత్రం తూర్పు గాలికే వస్తుంది. ఇది మా బ్యూలా ప్రత్యేకత! అది థాంక్స్‌గివింగ్ టర్కీ కోడి అంత బరువు కూడా ఉండదు. అయినా దాని వాసన పక్క ఊరి గోల్ఫ్ మైదానం దాకా వెళుతుంది. చలికాలం నెలల తరబడి మంచం కింద నిద్రపోతూ కూడా పని ఆపదు. ఇంత కష్టపడే జీవిని నేనెక్కడా చూడలేదు.

తూర్పు వైపు వాగులో నీళ్ళు గోధుమరంగు తిరిగి నురగ కడుతున్నాయి. అదీ బ్యూలానే చేసింది. నీళ్ళంటే దానికి భయం, అయినా ఎలాగో చేసింది. బావుల్లో నీళ్ళు తాగొద్దని బోర్డులు పెట్టారు. బ్యూలా! వేలవేల ఈగలు. బ్యూలా! మా ఆడవాళ్ళు బట్టలు బయట ఆరేయడం మానేశారు, తెల్లటి దుప్పట్లు తాడు మీద ఎగరడం చూసి ఎంతకాలమైందో. అందుకు కూడా నా స్కంకే కారణమని ఒప్పుకుంటున్నాను.

బడి కిటికీలు తెరవడం లేదు. నేను నేర్పిన చోట ఇప్పుడు కొత్త మాస్టారు నేర్పుతున్నాడు. బంగారు గుండీల కోట్లు వేసుకున్న పిల్లలు మైదానంలో నాలుగు అడుగులు వేసి దగ్గుతున్నారు. క్లారినెట్ వాయించే ఒక పిల్ల రెండు స్వరాల మధ్య జేబులోంచి ఉబ్బసం మందు గొట్టం తీసి నోట్లో పెట్టుకుని పీలుస్తోంది. చూసి ఇంటికొచ్చాక నాకు అన్నం సహించలేదు. ఇది కూడా బ్యూలా ఖాతాలోనే వేసుకోండి. డ్వేన్, సరిపోయిందా నాయనా? స్పష్టంగానే ఉందా?

ఈ రచన ముగించబోతుండగా బ్యూలా వచ్చి నా చెప్పు కొరికింది. పొద్దున పూట దానికి పెరట్లో ఒక చుట్టు తిరగడం అలవాటు. వెర్నా వెనక తలుపు తీసింది. బ్యూలా ముందుకాళ్ళు రెండూ మెట్టు మీద పెట్టి ముక్కు పైకెత్తింది. గాలి తూర్పు నించి వీస్తోంది. ఒక్క క్షణం అలాగే నిలబడి, కాళ్ళతో మెట్టును టపటపా కొట్టి, గిర్రున వెనక్కి తిరిగి, పరిగెత్తుకుంటూ పోయి తువ్వాళ్ళ గూట్లో తల దూర్చుకుంది.

వెర్నా తలుపు మూసి నావైపు చూసింది.

ఇది కూడా ఒప్పందం ప్రకారమే రాస్తున్నాను: తన వాసన తనే భరించలేని జంతువు ఈ లోకంలో మా బ్యూలా ఒక్కటే.